టైటన్స్‌కి వయసొచ్చిన కథ

1983లో అమెరికాలో నాలుగో తరగతి పిల్లలకు ఒక కామిక్ పుస్తకం ఉచితంగా పంచిపెట్టారు. మత్తుమందుల జోలికి వెళ్లొద్దని చెప్పే పుస్తకం. అధ్యక్షుడి భార్య నాన్సీ రీగన్ పిల్లలకు రాసిన ఉత్తరం కూడా అందులో వేశారు. కథలో వీరులు టీన్ టైటన్స్ అనే కుర్రకారు జట్టు. అయితే ఆ జట్టు నాయకుడు, బ్యాట్‌మాన్ వెంట తిరిగే రాబిన్, అందులో ఎక్కడా కనపడడు. అతని చోట ప్రొటెక్టర్ అని అంతకుముందెవరూ వినని ఒక కుర్రాడు నిలబడి, రాబిన్ చేయాల్సిన పనులన్నీ చేసుకుపోతాడు. ఎందుకిలా అని కథలో వెతికితే దొరకదు. అచ్చుకు డబ్బు పెట్టింది కీబ్లర్ అనే బిస్కెట్ల కంపెనీ. రాబిన్ బొమ్మ వాడుకునే హక్కు దాని పోటీ కంపెనీ నబిస్కో చేతిలో ఉంది. అంతే సంగతి.

ఈ పుస్తకం రాతప్రతి చదువుతూ నేను మొదట ఆగిపోయింది ఈ పేజీ దగ్గర. పిల్లల పత్రికల్లో సీరియళ్లు దిద్దుతూ ముసలివాణ్ణయినవాణ్ణి నేను. ఉన్నట్టుండి ఒక పాత్ర కథలోంచి మాయమైతే, రచయిత అలిగాడనో, బొమ్మలేసే ఆయన పెళ్లికి ఊరెళ్లాడనో అర్థం చేసుకోగలను. బిస్కెట్ల వల్ల మాయమవడం నాకు కొత్త.

ఈ పుస్తకం రాసిన అమ్మాయి నాకు మనవరాలి వరస. బడినుంచి రాగానే సంచీ విసిరేసి కార్టూన్ నెట్‌వర్క్ ముందు కూర్చున్న తరం తనది. “తాతయ్యా, ముందుమాట మీరే రాయాలి” అని పట్టుబట్టింది. అమెరికా కామిక్స్‌లో నాకు ఓనమాలు రావే అన్నాను. “అందుకే మిమ్మల్ని అడుగుతున్నాను. మీకర్థమైతే మిగతావాళ్లకీ అర్థమైనట్టే కదా” అంది. ఇంత నిర్మొహమాటంగా చెప్పగలిగిన మనిషి పుస్తకం కూడా సూటిగానే ఉంటుందనుకున్నాను. ఉంది.

టీన్ టైటన్స్ మీద ఇంగ్లీషులో రాతలకు కొదవ లేదు. ఏ సంచికలో ఎవరు చేరారు, ఎవరు చచ్చిపోయారు, చచ్చినవాళ్లలో ఎవరు తిరిగొచ్చారు అన్న జాబితాలు కావలసినన్ని. ఈ అమ్మాయి ఆ దారిన పోలేదు. ఒక్క ప్రశ్న చేతబట్టుకుని అరవై ఏళ్ల కథలో నడిచింది. ఈ పిల్లల్ని పెద్దవాళ్లు కానిచ్చింది ఎవరు, అడ్డుపడింది ఎవరు? పాత్ర ఒక కంపెనీ ఆస్తి అయినప్పుడు దానికి వయసు రావడం ఆస్తికి నష్టం. అట్టమీదా టిఫిన్ డబ్బామీదా ఏటేటా అదే మొహం కనబడాలి. చదివే పిల్లలు మాత్రం ఏటేటా ఎదుగుతారు. ఈ రెంటికీ మధ్య జరిగిన పెనుగులాటే టైటన్స్ చరిత్ర అని తన వాదన. చివరి పేజీ మూసేసరికి నేనూ ఆ పక్షాన చేరాను.

మొదటి కథ 1964లో డీసీ కామిక్స్ వారి ‘ద బ్రేవ్ అండ్ ద బోల్డ్’ 54వ సంచికలో వచ్చింది. రాసింది బాబ్ హేనీ, బొమ్మలు బ్రూనో ప్రెమియానీవి. బ్యాట్‌మాన్ దగ్గరి రాబిన్, ఫ్లాష్ దగ్గరి కిడ్ ఫ్లాష్, ఆక్వామాన్ దగ్గరి ఆక్వాలాడ్ కలిసి హాటన్ కార్నర్స్ అనే చిన్న ఊరికి వెళ్తారు. అక్కడ పెద్దలకూ కుర్రకారుకూ పడదు. పిల్లలు కనబడకుండా పోతే, అలిగి పారిపోయి ఉంటారని పెద్దలు నిశ్చింతగా కూర్చుంటారు. ఎత్తుకుపోయింది మిస్టర్ ట్విస్టర్ అనే దుర్మార్గుడు. అంతవరకు పెద్దవాళ్ల పక్కన వాయిస్తూ వచ్చిన పక్కవాద్యగాళ్లు ముగ్గురూ తామే ఒక కచేరీ పెట్టుకున్నారన్నమాట. అప్పటికి జట్టుకు పేరైనా లేదు. మరుసటి ఏడు 60వ సంచికలో వండర్ గర్ల్ వచ్చి చేరాక టీన్ టైటన్స్ అన్నారు. 1966 మొదట్లో సొంత పత్రిక వచ్చింది.

ఆ 1964 ఫిబ్రవరిలోనే బీటిల్స్ అమెరికాలో దిగారు. రెండో ప్రపంచయుద్ధం ముగిశాక పుట్టిన పిల్లలు కోట్లమంది పదమూడు దాటి, సొంత డబ్బుతో దుకాణాలకు వెళ్తున్న కాలం. వాళ్లకోసం పుట్టిందీ జట్టు. అప్పుడు నేనూ హైస్కూల్లోనే ఉన్నాను. అంటే రాబిన్‌దీ నాదీ దాదాపు ఒకే ఈడు. నేను పళ్లు కట్టించుకుని కూర్చున్నాను. ఆ పేరుతో ఇవాళ తిరుగుతున్న కుర్రాడికి ఇంకా మీసమైనా రాలేదు.

హేనీ రాసిన సంభాషణల మీద తర్వాతివాళ్లు చాలా హాస్యాలాడారు. నలభైకి దగ్గరపడిన మనిషి పదహారేళ్లవాళ్ల యాస పట్టుకోబోయి, ఏ వీధిలోనూ ఎవరూ మాట్లాడని భాషొకటి తయారుచేశాడని. మా అమ్మాయీ ఒక చురక అంటించింది. నేను మాత్రం ఆయన్ని వెనకేసుకొస్తాను. కుర్రాళ్ల మాట రాయబోయి అభాసుపాలు కాని పిల్లల రచయిత ఏ భాషలోనైనా ఉన్నాడా? పైగా సొంత పత్రిక మొదటి సంచికలోనే హేనీ ఆ పిల్లల్ని పీస్ కోర్ అనే అమెరికా సేవాసంస్థ పనిమీద దక్షిణ అమెరికాకు పంపాడు. దొంగల్ని పట్టుకోవడమే కాక లోకంలో వేరే పని ఉందని చెప్పాడు. ఆ పత్రికలో నిక్ కార్డీ వేసిన బొమ్మలు చూడండి. కథ ఎంత పిచ్చిగా పరిగెత్తినా మొహాల్లో మాత్రం నిజమైన కుర్రతనం ఉంటుంది.

ఆ రోజుల కథల్లో నాకు ఎక్కువ నచ్చింది వండర్ గర్ల్ సంగతి. అసలు వండర్ గర్ల్ అంటే వేరే పిల్ల కాదు, వండర్ వుమన్ తన చిన్నతనంలో. అప్పటి వండర్ వుమన్ పత్రికలో ఆమెనూ ఆమె చిన్నతనాన్నీ పక్కపక్కన నిలబెట్టి ఊహాకథలు అల్లేవారు. హేనీ ఆ పిల్లను తీసుకొచ్చి జట్టులో పెట్టేశాడు. అలా ఒకే మనిషి ఒకవైపు పెద్దదిగానూ ఇంకోవైపు చిన్నదిగానూ తిరగడం మొదలైంది. నాలుగేళ్లు ఎవరూ పట్టించుకోలేదు. 1969లో 22వ సంచికలో మార్వ్ వుల్ఫ్‌మన్ అనే కుర్ర రచయిత చిక్కు విప్పాడు. మంటల్లోంచి వండర్ వుమన్ కాపాడి తెచ్చిన అనాథ పసిబిడ్డ ఈ పిల్ల అన్నాడు. డోనా ట్రాయ్ అని పేరు పెట్టాడు. సంపాదకుల ఆదమరుపులోంచి పుట్టిన పిల్లకు అలా ఒక జన్మ దొరికింది. ఆ తర్వాత ఆమె గతాన్ని ఎంతమంది ఎన్నిసార్లు తిరగరాశారో ఈ పుస్తకంలో ఒక పట్టికే ఉంది. చదువుతుంటే నవ్వు వస్తుంది, కాసేపటికి జాలి వేస్తుంది.

అదే వుల్ఫ్‌మన్, ఆయన స్నేహితుడు లెన్ వీన్ కలిసి అదే ఏడు 20వ సంచికకు ఒక కథ రాశారు. అందులో ఒక నల్లజాతి కుర్రాడు సూపర్‌హీరోగా వస్తాడు. బొమ్మలు కూడా వేయడం అయింది. అచ్చుకు వెళ్లబోయే సమయంలో డీసీ పెద్ద కార్మైన్ ఇన్ఫాంటినో ఆపేశాడు. చిత్రకారుడు నీల్ ఆడమ్స్ గబగబా కథ మార్చి రాసి, బొమ్మలు వేసి సంచిక నిలబెట్టాడు. ఆ నల్లకుర్రాడు అచ్చుకెక్కలేదు. ఈ ఘట్టాన్ని అమ్మాయి రెండు పేజీల్లో, ఎవరినీ తిట్టకుండా, కాగితాలు పరిచినట్టు చెప్పింది. తిట్టకపోవడం వల్లే బరువుగా ఉంది. పదకొండేళ్ల తర్వాత ఆ వుల్ఫ్‌మన్ తిరిగొచ్చి ఏం చేశాడో కింద చెబుతాను.

ఈలోగా టెలివిజన్. 1967లో ఫిల్మేషన్ సంస్థ తీసిన కార్టూన్ కార్యక్రమంలో టైటన్స్‌వి మూడు చిన్న కథలు వచ్చాయి. అందులోనూ రాబిన్ లేడు. అప్పుడతను పోటీ చానల్ ఏబీసీలో బ్యాట్‌మాన్ వేషం వేసిన ఆడమ్ వెస్ట్ పక్కన మనిషి రూపంలో గెంతుతున్నాడు. ఇక్కడ అతని బదులు గ్రీన్ ఆరో శిష్యుడు స్పీడీని పెట్టారు. అంటే బిస్కెట్లకు పదహారేళ్ల ముందే ఒకసారి ఇదే జరిగిందన్నమాట. జట్టులో ఎవరుండాలో కథ తేల్చక ముందే కాగితాలు తేలుస్తాయి.

డెబ్బైల సంగతి నేను తొందరగా దాటేస్తాను. అమ్మాయీ దాటేసి ఉంటే బాగుండేది. పిల్లలు తమవల్ల ఒక ప్రాణం పోయిందని కుంగి వీరవేషాలు విప్పేశారు, జూపిటర్ అనే కోటీశ్వరుడి కింద పనిచేశారు, మళ్లీ వేషాలు వేశారు. 1973లో పత్రిక ఆగింది. 1976లో లేచింది. 1978లో మళ్లీ పడుకుంది.

1980 నుంచి కథ మారింది. వుల్ఫ్‌మన్ రచన, జార్జ్ పెరేజ్ బొమ్మలు. ‘డీసీ కామిక్స్ ప్రెజెంట్స్’ 26వ సంచిక మధ్యలో పదహారు పేజీల రుచి చూపించి, వెంటనే ‘ద న్యూ టీన్ టైటన్స్’ మొదలుపెట్టారు. పాతవాళ్లు రాబిన్, వండర్ గర్ల్, కిడ్ ఫ్లాష్. డూమ్ పట్రోల్ అనే ఇంకో జట్టు నుంచి వచ్చిన ఆకుపచ్చ కుర్రాడు బీస్ట్ బాయ్. కొత్తగా ముగ్గురు: రాక్షసుడైన తండ్రిని తనలో మోస్తున్న రేవెన్, బానిసత్వం నుంచి తప్పించుకొచ్చిన వేరే గ్రహపు రాకుమారి స్టార్‌ఫైర్, ప్రమాదంలో సగం ఒళ్లు పోయి లోహంతో బతికిన విక్టర్ స్టోన్, అంటే సైబోర్గ్. విక్టర్ నల్లజాతి కుర్రాడు. ఆటగాడు కావాలనుకున్నవాడు. తన ఒళ్లిలా కావడానికి కారణమూ, తనను బతికించిందీ కూడా శాస్త్రవేత్త అయిన తండ్రే. 1969లో తలుపు బయట ఆపేసిన మనిషిని వుల్ఫ్‌మన్ ఈసారి ఇంటి మధ్యలో కూర్చోబెట్టాడు.

నా లెక్కలో ఈ పుస్తకానికి గుండె నాలుగో అధ్యాయం. 1981 జూన్ నాటి 8వ సంచిక గురించి పూర్తిగా ఒక అధ్యాయం. ఆ సంచికలో పోరాటం పెద్దగా ఏమీ లేదు. ఒక మామూలు రోజు. ఎవరిళ్లకు వాళ్లు వెళ్తారు, ఎవరి దిగుళ్లు వాళ్లకుంటాయి. సైబోర్గ్‌కు సారా సిమ్స్ అనే టీచరమ్మ, ఆమె దగ్గర చదివే పిల్లలు పరిచయమవుతారు. కృత్రిమ చేతులు, కాళ్లు పెట్టుకున్న పిల్లలు వాళ్లు. లోకమంతా వికారం అనుకునే అతని లోహపు చేతిని ఆ పిల్లలు అబ్బురంగా చూస్తారు. అంతకు ముందు సంచికలోనే విక్టర్ తండ్రి చనిపోయాడు. చనిపోయేలోగా ఇద్దరికీ సఖ్యత కుదిరింది. వాళ్లంతా ఉండే ‘టి’ ఆకారపు టవర్ ఆ తండ్రి కట్టించిందేనని తెలిసింది. తండ్రి మీద కోపంతో కాలం వెళ్లదీసిన కొడుకు, ఆయన కట్టిన ఇంట్లో ఉంటూ మరునాడు పార్కుకు నడిచి వెళ్లడం. ఇలాంటిది ఇరవై ముప్పై పేజీల రంగుల పుస్తకంలో చెప్పారంటే ఒప్పుకోనివాళ్లకు పెరేజ్ గీసిన మొహాలు అమ్మాయి ఒక్కొక్కటే చూపించింది. ఏ గడిలో ఎవరి చూపు ఎటుందో కూడా వదల్లేదు. బొమ్మలు చదవడం వచ్చినవాళ్లు మన విమర్శలో తక్కువ. ఈమెకు వచ్చు.

మా వృత్తి సంగతి కాబట్టి ఇంకో మాట. 1981లో డీసీ ఒక కొత్త పద్ధతి తెచ్చింది. లక్ష ప్రతులు దాటి అమ్మితే రచయితకూ చిత్రకారుడికీ రాయల్టీ. అంతవరకూ పేజీకింత అని చేతిలో పెట్టి పంపేవాళ్లు. బాగా అమ్ముడుపోతున్న టైటన్స్‌వాళ్లకు ఇది కలిసొచ్చింది. 1984 వేసవికి మంచి కాగితం మీద, కామిక్స్ దుకాణాలకు మాత్రమే వెళ్లే ఖరీదైన టైటన్స్ పత్రిక వేరేగా పెట్టారు. పాత పత్రిక న్యూస్‌స్టాండ్లకు వెళ్తూ, తర్వాత్తర్వాత ఖరీదైన దానిలోని కథల్నే ఏడాది ఆలస్యంగా వేసేది. పెద్దవాళ్లవుతున్న పాఠకులు దుకాణానికి వెళ్లారు, చిన్నవాళ్లు వీధి చివర మిగిలిపోయారు. వాళ్లకు తాజా కథ దక్కడం మానేసింది. ఈ వ్యాపారపు లెక్క నుంచి కథలోపలి ముదురుదనం ఎలా పుట్టిందో అమ్మాయి పట్టుకున్న తీరు నాకు ముచ్చటేసింది. మొదట కాగితం మారింది, తర్వాత వయసు మారింది.

ఇక డిక్ గ్రేసన్. రాబిన్ అసలు పేరు అది. 1940లో పుట్టిన పాత్ర. 1984 ఫిబ్రవరి సంచికలో అతను తన రాబిన్ దుస్తులు విప్పి పక్కన పెట్టేశాడు. బ్యాట్‌మాన్ నీడలోంచి వచ్చేశాడు. జూలై నాటి 44వ సంచికలో నైట్‌వింగ్ అన్న కొత్త పేరుతో, కొత్త దుస్తులతో కనిపించాడు. నలభై నాలుగేళ్లు ఒకే మొహంతో ఉన్న పిల్లవాడికి ఆరోజు వయసొచ్చింది. ఇది ఎలా కుదిరిందో తెలిస్తే ఆశ్చర్యం. బ్యాట్‌మాన్ పత్రికలు నడిపేవాళ్లకు తమ పక్కన చిన్న పిల్లవాడు కావాలి. టైటన్స్‌వాళ్లకు ఎదిగిన డిక్ కావాలి. జేసన్ టాడ్ అనే కొత్త పిల్లవాణ్ణి సృష్టించి రాబిన్ పేరు అతనికి ఇచ్చారు, డిక్‌ను టైటన్స్‌కు వదిలేశారు. ఆస్తి చెక్కుచెదరలేదు. మనిషి మాత్రం బయటపడ్డాడు.

ఆ జేసన్ గతి చూడండి. 1988లో బ్యాట్‌మాన్ పత్రిక ఫోన్ నంబర్లు రెండు వేసింది. బతకాలంటే ఒకటి, చావాలంటే ఇంకొకటి. ఒక్కో ఫోనుకు యాభై సెంట్లు. బతకాలని 5,271 ఫోన్లు, చావాలని 5,343. తేడా 72. పిల్లవాడు చచ్చిపోయాడు. పాఠకుల ఉత్తరాలు చదివి కథ మళ్లించిన సందర్భాలు నా ఉద్యోగంలోనూ లేకపోలేదు. కానీ చంపాలా వద్దా అని రుసుము పెట్టి అడగడం ఇప్పటికీ నాకు మింగుడుపడదు.

పాత్రలకు వయసు రానివ్వని ఈ బాధ మన దగ్గర ఎందుకు లేదని అమ్మాయి ఒకసారి అడిగింది. చందమామలో దాసరి సుబ్రహ్మణ్యం గారి సీరియళ్లు ముగిసేవి. కొన్ని నెలలు నడిచి, చిక్కుముళ్లు వీడి, రాజ్యాలు ఎవరివి వాళ్లకు దక్కి, ‘అయిపోయింది’ అని అచ్చయ్యేది. వచ్చేనెల ఇంకో సీరియల్, ఇంకో వీరులు. పిల్లలకు బెంగగా ఉండేది. అయితే ముగింపు ఉన్న కథలో మనిషికి ఏదైనా జరగవచ్చు. ముగింపు లేని కథలో ఏం జరిగినా వెనక్కు తీసుకోవాల్సిందే. నేను చెప్పిన ఈ ముక్కను అమ్మాయి పుస్తకంలో ఎక్కడా వాడుకోలేదు. ఎందుకని నేను అడగలేదు, నొచ్చుకోనూ లేదు. ఇక్కడ రాసుకున్నాను.

టెర్రా దగ్గర మాత్రం మా ఇద్దరికీ వాదన జరిగింది. నేలనూ రాళ్లనూ కదపగల పదిహేను పదహారేళ్ల పిల్ల. 1982 చివర వచ్చి జట్టులో చేరింది. 1984లో ‘ద జూడాస్ కాంట్రాక్ట్’ కథలో అసలు సంగతి బయటపడింది. మొదటినుంచీ ఆమె డెత్‌స్ట్రోక్ అనే కిరాయి హంతకుడు పంపిన గూఢచారి. చివరికి తాను కూల్చిన రాళ్లకిందే చచ్చిపోయింది. ఆమెను ద్రోహిగానే ముగించాలని రచయితలు మొదటే అనుకున్నారు. పాఠకులు నమ్మి మోసపోవాలని ఆ అమాయకపు మొహాన్ని, ఎత్తుపళ్లను పెరేజ్ కావాలనే గీశాడు. కామిక్స్ చరిత్రలో దీన్ని గొప్ప మలుపంటారు. అమ్మాయీ అదే అంది. కథ నడిపిన నేర్పు గొప్పదే, కాదనను. కానీ ఆ డెత్‌స్ట్రోక్ నెరిసిన జుట్టు మనిషి. ఆ పిల్లతో అతని సంబంధం ఎలాంటిదో కథలోనే కనిపిస్తుంది. అయినా కథ నేరమంతా పిల్ల నెత్తిన వేసి, అతనికి తర్వాత్తర్వాత గౌరవం కట్టబెట్టింది, సొంత పత్రికే ఇచ్చింది. ఇది నేను ఒప్పుకోలేను. నా మాట విని అమ్మాయి ఆ అధ్యాయంలో మూడు పేరాలు చేర్చింది. ఇంకా ఐదారు ఉండాల్సింది.

తొంభైలను పుస్తకం పన్నెండు పేజీల్లో ముగించింది. సరైన కొలత. ఒక జట్టు చెదిరి నాలుగు జట్లయి, భవిష్యత్తునుంచి ఇంకో జట్టు వచ్చి, పేర్లు కలిసిపోయి, గుర్తుపెట్టుకోవడం కష్టం. అందులోంచి ఏరుకోవలసింది ఒక్కటే. 1998లో కొత్త రాబిన్, సూపర్‌బాయ్, ఇంపల్స్ లాంటి రెండో తరం పిల్లలు ‘యంగ్ జస్టిస్’ అన్న పత్రికలో చేరారు. పాత టైటన్స్ పిల్లలుగా ఉండటం మానేశారు కాబట్టి ఆ ఖాళీలో వీళ్లకు చోటు దొరికింది.

2003 జూలైలో కార్టూన్ నెట్‌వర్క్‌లో ‘టీన్ టైటన్స్’ మొదలైంది. గ్లెన్ మురకామి చేతిలో తయారైన ఈ సిరీస్‌లో రాబిన్, స్టార్‌ఫైర్, సైబోర్గ్, రేవెన్, బీస్ట్ బాయ్, ఐదుగురే. జపాన్ కార్టూన్ల పద్ధతిలో కళ్లు పెద్దవి చేసి, కోపమొస్తే తల ఉబ్బించి గీశారు. శీర్షిక పాట పాడింది కూడా జపాన్ జంట పఫీ అమీయూమీ. కొన్ని భాగాలకు ఇంగ్లీషు పాట, కొన్నిటికి జపనీస్ పాట వచ్చేది. జపనీస్ పాట వినబడితే ఆ రోజు కథ వెర్రిగా ఉంటుందని పిల్లలు కనిపెట్టేశారట. మా అమ్మాయి పరిచయం ఇక్కడే. ఈ అధ్యాయంలో తన వాక్యాలు కాస్త తడిగా ఉంటాయి. ఉండనిచ్చాను.

రాబిన్ ముసుగు వెనక ఎవరున్నారో ఐదు సీజన్లలోనూ చెప్పలేదు. ఇంట్లో పెద్దవాళ్లు లేరు, బడి లేదు. టవర్, సోఫా, పిజ్జా. వాళ్ల వయసు అక్కడే నిలిపేశారు. అయితే చేసిన ఒక మంచిపని ఏమిటంటే, టెర్రాకు రెండో అవకాశం ఇచ్చారు. పిల్లల కార్యక్రమం కాబట్టి పేరులో చావు ఉన్న డెత్‌స్ట్రోక్‌ను స్లేడ్ అనే పిలిచారు. అతను పిల్లల మనసుల్ని వంచే వస్తాదు. ఇక్కడ టెర్రా ద్రోహం చేస్తుంది, తర్వాత అతనిపై తిరగబడుతుంది, పొంగుతున్న అగ్నిపర్వతాన్ని ఆపి ఊరిని కాపాడి రాయైపోతుంది. 2006 జనవరిలో వచ్చిన ఆఖరి భాగంలో బీస్ట్ బాయ్‌కు అచ్చం ఆమెలాంటి బడిపిల్ల కనబడుతుంది. గతం గుర్తుచేస్తూ వెంటపడతాడు. ఆ పిల్ల తనకు ఆ కథ వద్దంటుంది, క్లాసుకు టైమైందని వెళ్లిపోతుంది. ఇరవై ఏళ్లుగా అభిమానులు ఈ ముగింపు మీద అలిగే ఉన్నారు. నాకైతే మొత్తం సిరీస్‌లో పెద్దరికం చూపిన మనిషి ఆ పిల్లే.

ఇక 2013లో మొదలైన ‘టీన్ టైటన్స్ గో!’ అదే ఐదుగురు, అవే గొంతులు, పని మాత్రం అల్లరి. పోరాటాలు పక్కన పెట్టి శాండ్‌విచ్‌లమీదా, సోఫామీదా కథలు. దీన్ని అమ్మాయి రెండు పేజీల్లో చీల్చి పారేసింది. చిన్ననాటి ఇల్లు పడగొట్టి దుకాణం కట్టినవాళ్లమీద ఉండే కోపం తనది. నేను ఈ కార్యక్రమాన్ని మా ఇంట్లో చిన్నవాడి పక్కన కూర్చుని చూశాను, బాగా నవ్వాను. వందల భాగాలు నడిచిందంటే ఊరికే నడవలేదు. పాత సిరీస్ కావాలని గోలపెట్టే పెద్దపిల్లల్ని ఇది ఏడిపిస్తూనే ఉంటుంది. 2018లో వచ్చిన సినిమాలో రాబిన్ బాధేమిటంటే, ఊళ్లో ప్రతి వీరుడికీ సినిమా ఉంది, తనకే లేదు. 1967లోనూ 1983లోనూ కాగితాలవల్ల బయట నిలబడ్డవాడు చివరికి తన సినిమాలోనే తనకు సినిమా లేదని ఏడుస్తాడు. ఇందులోని చమత్కారం అమ్మాయికి పట్టలేదంటే నమ్మను. పట్టింది, ఒప్పుకోదు.

అదే 2018లో పెద్దలకోసం నటులతో ‘టైటన్స్’ తీశారు. ఇందులో డిక్ గ్రేసన్ బ్యాట్‌మాన్ పేరెత్తి బూతు మాటాడతాడు. చీకటి ఎక్కువ, రక్తం ఎక్కువ. బూతు మాటాడితే వయసొచ్చినట్టు కాదని మా అమ్మాయి ఒక్క వాక్యంలో తేల్చేసింది. ఇక్కడ నేను తన పక్షమే. ఆ సిరీస్‌లో నాకు గుర్తుండేది స్టార్‌ఫైర్‌గా వేసిన ఆనా డియోప్. చిత్రీకరణ ఫొటోలు బయటికి రాగానే ఆమె రంగును ఎత్తి చూపుతూ ఇంటర్నెట్‌లో చెప్పరాని మాటలన్నారు. కామిక్స్‌లో నారింజరంగు ఒళ్లున్న వేరే గ్రహపు మనిషి పాత్ర అది. ఆమె నాలుగు సీజన్లూ నిలబడి చేసింది.

పుస్తకంలో లోటు ఒకటుంది. ‘యంగ్ జస్టిస్’ కార్టూన్‌ను అమ్మాయి అనుబంధంలో పెట్టింది. పేరు టైటన్స్ కాదు కాబట్టి అని తన సమాధానం. 2010లో గ్రెగ్ వీస్మన్, బ్రాండన్ వియెట్టీ మొదలుపెట్టిన ఆ సిరీస్‌లో మొదటి సీజన్‌కూ రెండోదానికీ మధ్య ఐదేళ్లు గడిచిపోతాయి. తెర తెరిచేసరికి రాబిన్ నైట్‌వింగ్ అయి ఉంటాడు, కొత్త పిల్లవాడు రాబిన్ అయి ఉంటాడు. కొందరు విడిపోతారు, కొందరికి పిల్లలు పుడతారు, కొందరు చచ్చిపోయి మళ్లీ రారు. టెలివిజన్‌లో ఈ పిల్లల్ని గడియారం కింద నిలబెట్టింది ఇదొక్కటే. దాన్ని 2013లో ఆపేశారు. బొమ్మల కంపెనీ మాటెల్ ఆటబొమ్మలు అనుకున్నంతగా అమ్ముడుపోక డబ్బు ఆపేసిందని వీస్మనే చెప్పాడు. అభిమానులు వదల్లేదు. పాత భాగాలను నెట్‌ఫ్లిక్స్‌లో తిరగేసి తిరగేసి చూశారు. 2016లో మళ్లీ తీస్తామని ప్రకటన వచ్చింది, 2019లో మూడో సీజన్ వచ్చింది. ఆ పాటికి ఆ అభిమానుల్లో చాలామంది ఉద్యోగాల్లో ఉన్నారు. పుస్తకం మొదటి పేజీనుంచి అడుగుతున్న ప్రశ్నకు ఇంతకంటే దగ్గరి ఉదాహరణ దొరకదు. అది అనుబంధంలో చిన్న అక్షరాల్లో ఉండకూడదు. రెండో ముద్రణలో ముందుకు తెచ్చి పూర్తి అధ్యాయం చేయమన్నాను. “మొదటిది అమ్ముడుపోనివ్వండి తాతయ్యా” అంది. కొనండి.